అమ్మకంపై గొడవ ఉన్నప్పుడు 1బీలో పేరు ఎలా మారుతుంది? ఎవరు ఆపగలరు, ఎవరు ఆపలేరు?



సోమవారం కలెక్టరేట్‌లో ప్రజా ఫిర్యాదుల పరిష్కార వేదిక జరిగే రోజున హాలు బయట కాసేపు నిలబడితే రెండు మాటలు తప్పకుండా చెవిన పడతాయి. "డబ్బు పోసి కొన్నానండీ, రిజిస్ట్రేషన్ కూడా అయింది, పేరు మాత్రం ఎక్కించడం లేదు" అనేది ఒకటి. "మా భూమి మాకు తెలీకుండా అమ్మేశారండీ, పేరు మార్చేస్తున్నారు, ఆపండి" అనేది రెండోది. చాలాసార్లు ఈ రెండూ ఒకే భూమి గురించి, రెండు వైపుల నుంచి వచ్చిన మాటలే అయి ఉంటాయి. ఒకరి అర్జీ చేతికందేసరికి రెండోవాళ్లు లైన్లో నిలబడి ఉంటారు.

ఈ పీడీఎఫ్ ఇద్దరి కోసం. కొన్నవాళ్లూ చదవండి, అభ్యంతరం ఉన్నవాళ్లూ చదవండి. అన్నదాత సుఖీభవ కింద పీఎం కిసాన్‌తో కలిపి ఏడాదికి వచ్చే 20,000 రూపాయలు, బ్యాంకు పంట రుణం, రేపు పిల్లల పేరున రాయాల్సిన భూమి... ఇవన్నీ 1బీలో ఎవరి పేరు ఉందన్న దాని చుట్టూ తిరుగుతాయి. ఇందులో చెప్పేది ఆంధ్రప్రదేశ్‌లో వ్యవసాయ భూమికి వర్తించే పద్ధతి. తెలంగాణలో భూమి ఉన్నవారికి అక్కడి 2025 భూభారతి చట్టం వేరు. ఇక్కడి గడువులను అక్కడ లెక్కలోకి తీసుకోవద్దు.

ముందు మూడు కాగితాల సంగతి

రిజిస్టరు దస్తావేజు అంటే అమ్మినవారు కొన్నవారికి హక్కు బదిలీ చేసిన కాగితం. 100 రూపాయలు, ఆపైన విలువ ఉన్న స్థిరాస్తి అమ్మకానికి రిజిస్ట్రేషన్ తప్పనిసరి. 1బి అంటే ఊళ్లో ఏ భూమికి ఎవరు పట్టాదారో రెవెన్యూ వాళ్లు రాసుకునే హక్కుల రికార్డు. అడంగల్ అంటే ఏ సర్వే నంబరులో ఎవరి అనుభవం ఉంది, ఏ పంట ఉంది అని చెప్పే రికార్డు. 1బి, అడంగల్ రెండూ మీభూమి పోర్టల్‌లో మీ ఫోన్లోనే చూసుకోవచ్చు.

ఇక్కడే ఒక పొరపాటు ఒప్పుకోవాలి. ఉద్యోగంలో చేరిన కొత్తలో నేనే ఒక ప్రెస్ నోట్‌లో "మ్యుటేషన్ అయితే భూమి మీదే" అని రాశాను. చదవడానికి బాగుంది, కానీ తప్పు. ఒక తహసీల్దారు గారు ఫోన్ చేసి, "ఇది పట్టుకుని జనం నా దగ్గరికొస్తే నేనేం చెప్పాలి?" అని అడిగారు. ఆయన అడిగింది న్యాయమే. మ్యుటేషన్ అంటే రికార్డులో పేరు మార్చడం, అంతే. దానివల్ల కొత్తగా హక్కు పుట్టదు, ఉన్న హక్కు పోదు. సుప్రీంకోర్టు ఈ మాట చాలాసార్లు చెప్పింది, 2021 సెప్టెంబరులో మధ్యప్రదేశ్ కేసులో మళ్లీ చెప్పింది. హక్కు మీదే గొడవ ఉంటే తేల్చాల్సింది సివిల్ కోర్టు. ఆ తీర్పు ప్రకారమే రికార్డు మారుతుంది.

అలాగని 1బి ఉత్త కాగితం అనుకోవద్దు. అందులో ఉన్న వివరం తప్పని రుజువయ్యేదాకా నిజమనే భావించాలని 1971 నాటి భూమి హక్కులు, పట్టాదారు పాసుపుస్తకాల చట్టం చెబుతోంది. అంటే పేరు ఉన్నవారు నిశ్చింతగా కూర్చోవచ్చు, లేనివారే రుజువులు పట్టుకుని తిరగాలి. గొడవ అంతా అందుకే.

కొన్న తర్వాత ఏం జరగాలి?

భూమి మీద హక్కు వచ్చినవారు 90 రోజుల్లోగా తహసీల్దారుకు రాతపూర్వకంగా తెలియజేయాలి. కొనుగోలుకే కాదు, వారసత్వానికీ, పంపకాలకూ ఇదే గడువు. రిజిస్ట్రారు ఆఫీసు నుంచి కూడా తహసీల్దారుకు సమాచారం వెళ్లాలి. "వాళ్లే పంపిస్తారులే" అని ఊరుకోకుండా సచివాలయంలోనో మీసేవలోనో దరఖాస్తు పెట్టి, రసీదు నంబరు ఫోటో తీసి పెట్టుకోండి.

దరఖాస్తు అందాక తహసీల్దారు నేరుగా పేరు మార్చకూడదు. 1బీలో ఇప్పటికే పేరున్నవారికీ, మార్పు వల్ల నష్టపోతారని అనిపించే ఇతరులకూ ముందుగా నోటీసు ఇవ్వాలి. దీన్నే ఫారం-8 నోటీసు అంటారు. ఊళ్లో నోటీసు బోర్డు మీద అంటించామంటే సరిపోదు. రికార్డులో పేరున్న మనిషికి విడిగా నోటీసు అందాల్సిందేనని 2007లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచ్ తేల్చింది. మీ పేరు 1బీలో ఉండగా మీకు నోటీసు రాకుండానే తీసేశారంటే, అప్పీలులో మీరు మొదట రాయాల్సిన పాయింటు అదే.

అన్నదమ్ముల భూమి: ఎక్కువ గొడవలు ఇక్కడే

ఒక ఉదాహరణ చూద్దాం. తండ్రి సొంతంగా కొన్న 4 ఎకరాలు. వీలునామా రాయకుండానే చనిపోయాడు. అమ్మ, ఇద్దరు కొడుకులు, ఒక కూతురు ఉన్నారు. "పెద్దోడు చూసుకుంటాడులే" అని 1బీలో పెద్దకొడుకు పేరు ఒక్కటే ఎక్కించారు. పదేళ్ల తర్వాత ఆయన 4 ఎకరాలూ ఒకరికి అమ్మి రిజిస్ట్రేషన్ చేశాడు. కొన్నాయన మ్యుటేషన్‌కి పెట్టాడు.

ఇప్పుడు నోటీసు ఎవరికి వెళుతుంది? 1బీలో పేరున్న పెద్దకొడుక్కి. ఆయన అమ్మినవాడే, అభ్యంతరం ఎందుకు చెబుతాడు? అమ్మకీ, తమ్ముడికీ, చెల్లెలికీ నోటీసు రాదు, ఎందుకంటే రికార్డు ప్రకారం వాళ్లు లేరు. ముప్పై రోజులో, నలభై రోజులో గడిచాక కొన్నాయన ట్రాక్టరు తీసుకుని పొలానికి వచ్చినప్పుడు తెలుస్తుంది. మా దగ్గరికి వచ్చే అర్జీల్లో ఇలాంటివి ఎన్నో. తండ్రి పోయినప్పుడు 90 రోజుల్లోపు నలుగురి పేర్లూ ఎక్కించి ఉంటే ఈ అమ్మకం ఇంత దూరం వచ్చేది కాదు.

చట్టప్రకారం చూస్తే, 1956 హిందూ వారసత్వ చట్టం కింద ఆ నలుగురికీ సమాన వాటా, తలా ఒక ఎకరం. కూతురికి పెళ్లయిందా, కట్నం ఇచ్చారా అన్నది లెక్కలోకి రాదు. తాతముత్తాతల నుంచి వచ్చిన ఉమ్మడి ఆస్తి అయినా కూతురికి కొడుకుతో సమానంగా పుట్టుకతోనే హక్కు ఉందని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అయితే 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టరు అయిన పంపకాలను తిరగదోడలేరు.

కాబట్టి పెద్దకొడుకు అమ్మగలిగింది తన ఎకరం వాటాను మాత్రమే. మిగతా 3 ఎకరాల మేరకు ఆ దస్తావేజు ఆ ముగ్గురినీ కట్టిపడేయదు. కొన్నాయన మాటేమిటి? ఆయనకు పెద్దకొడుకు వాటా వస్తుంది, అది కూడా ఏ వైపు ఎకరం అన్నది పంపకం దావాలో తేలాకే. మిగతా సొమ్ము కోసం అమ్మినవాడి మీద పడాలి. కొనేవాళ్లకు నేను చెప్పేది ఒకటే. 1బీలో ఒక్క పేరే ఉంటే, ఆ పేరు ఎలా వచ్చిందో అడగండి. వారసత్వంగా వచ్చిందంటే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం చూపించమనండి. దాంతోపాటు ఈసీ తీయించండి. అందరూ సంతకం పెడితేనే అడ్వాన్సు ఇవ్వండి.

అభ్యంతరం ఎలా రాయాలి?

"అన్యాయం జరిగింది, న్యాయం చేయండి" అని ఒక్క వాక్యం రాసి కింద సంతకం పెట్టిన అర్జీలు చాలా వస్తాయి. బాధ అర్థమవుతుంది, కానీ దాని మీద ఏ అధికారీ ఏమీ చేయలేడు. కింది పద్ధతిలో రాయండి. చేతిరాత అయినా పర్వాలేదు.

"తహసీల్దారు గారికి. విషయం: ఫలానా గ్రామం, సర్వే నంబరు ఫలానా, విస్తీర్ణం ఇంత. ఈ భూమిపై ఫలానా వారు పెట్టిన మ్యుటేషన్ దరఖాస్తుకు అభ్యంతరం. ఈ భూమి మా తండ్రి గారిది. ఆయన ఫలానా తేదీన చనిపోయారు. వారసులం మేము నలుగురం. మాలో ఒకరు మాత్రమే ఫలానా తేదీన, ఫలానా దస్తావేజు నంబరుతో మొత్తం భూమి అమ్మారు. నేను సంతకం చేయలేదు, నాకు డబ్బు అందలేదు. నా వాటా ఇంత. దీనితో మరణ ధ్రువపత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, పాత 1బి నకలు, ఈసీ జత చేస్తున్నాను. నా మాట వినకుండా పేరు మార్చవద్దని, విచారణకు నాకు నోటీసు ఇవ్వాలని, ఉత్తర్వు నకలు ఇవ్వాలని కోరుతున్నాను."

రెండు కాపీలు తీసుకెళ్లి, రెండో దాని మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకోండి. వేయనంటే రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. వీఆర్‌వో గారికి నోటితో చెప్పామంటే లెక్కలోకి రాదు. ఆయన ఎంత మంచివారైనా సరే, రేపు బదిలీ అయితే ఆ మాట ఆయనతోనే పోతుంది.

ఏ అభ్యంతరం నిలబడుతుంది, ఏది నిలబడదు?

"మిగతా డబ్బు ఇవ్వలేదు, కాబట్టి అమ్మకం చెల్లదు" అనేది అమ్మినవారు తరచుగా చెప్పే మాట. దస్తావేజులో మొత్తం సొమ్ము ముట్టిందని రాసి, సంతకం పెట్టి రిజిస్టరు చేశాక, బాకీ ఉందన్న ఒక్క కారణంతో అమ్మకం రద్దు కాదు. ఆ బాకీ కోసం కోర్టులో దావా వేసి వసూలు చేసుకోవాలి. 2020లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. అందుకే డబ్బు పూర్తిగా ఖాతాలో పడకుండా "ముట్టింది" అన్న మాట కింద సంతకం పెట్టకండి. తెలిసినవాళ్లే కదా, ఊళ్లోవాళ్లే కదా అని పెట్టేవాళ్లే ఎక్కువ నష్టపోతున్నారు.

"నేను వెళ్లి రద్దు దస్తావేజు రిజిస్టరు చేయించాను" అనేది రెండోది. అమ్మినవారు ఒక్కరే వెళ్లి అమ్మకాన్ని రద్దు చేయలేరు. కొన్నవారూ రావాలి, లేదా కోర్టు ఉత్తర్వు ఉండాలి. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసులోనే 2010లో సుప్రీంకోర్టు ఏకపక్ష రద్దు చెల్లదని తేల్చింది. రద్దు చేయిస్తామని ఎవరైనా డబ్బు అడిగితే ఇవ్వకండి.

కొనేవారి వైపు కూడా ఇలాంటి అపోహలే ఉన్నాయి. చేతిలో అగ్రిమెంటు మాత్రమే ఉంది, స్టాంపు పేపరు మీద రాసుకున్నాం, పదేళ్లుగా సాగు చేస్తున్నాం అంటారు. అగ్రిమెంటు వల్ల భూమి మీద హక్కు రాదు, రిజిస్ట్రేషన్ చేయమని అడిగే హక్కు మాత్రమే వస్తుంది. ఆ దావా కూడా 3 ఏళ్లలోపు వేయాలి. అగ్రిమెంటులో రిజిస్ట్రేషన్‌కు తేదీ రాసి ఉంటే ఆ తేదీ నుంచి, లేకపోతే అవతలివారు చేయనన్నారని తెలిసిన రోజు నుంచి లెక్క. జీపీఏ రాయించుకుని అదే అమ్మకం అనుకునేవాళ్లకూ ఇదే జవాబు. జీపీఏతో యాజమాన్యం మారదని 2011లోనే సుప్రీంకోర్టు చెప్పింది.

సంతకం నాది కాదు, వేలిముద్ర నాది కాదు, వేరే మనిషిని నిలబెట్టి రిజిస్టరు చేశారంటే అది ఫోర్జరీ. దానికి తహసీల్దారు దగ్గర అభ్యంతరం, పోలీసు స్టేషన్‌లో ఫిర్యాదు, కోర్టులో దస్తావేజు రద్దు దావా, మూడూ కావాలి. పోలీసు కేసు పెట్టాం కదా అని కోర్టు దావా మర్చిపోకండి. పోలీసు కేసులో శిక్ష పడినంత మాత్రాన 1బి దానంతట అది మారదు.

అమ్మిన భూమి డీకేటీ పట్టా, అంటే ప్రభుత్వం పేదలకు ఇచ్చిన అసైన్డ్ భూమి అయితే కథ వేరు. దానికి 1977 నాటి బదిలీ నిషేధ చట్టం, దాని సవరణలు వర్తిస్తాయి. ఒక్క రూపాయి చేతులు మారకముందే తహసీల్దారు ఆఫీసులో ఆ సర్వే నంబరు వివరాలు రాతపూర్వకంగా అడగండి.

తహసీల్దారు ఉత్తర్వు వచ్చాక

అభ్యంతరం వచ్చాక తహసీల్దారు ఇరువైపులా విని, కారణాలు రాసి ఉత్తర్వు ఇవ్వాలి. రికార్డులు చూసి తేలే విషయమైతే ఆయనే తేలుస్తారు. సర్వే నంబరు తప్పు పడటం, విస్తీర్ణం దస్తావేజులో ఒకలా, 1బీలో ఒకలా ఉండటం, అమ్మినవారికి అసలు ఆ నంబరులో భూమే లేకపోవడం లాంటివి. సంతకం నిజమా, వీలునామా నిజమా, వాటా ఎంత అన్నవి ఆయన తేల్చలేరు. అలాంటప్పుడు "సివిల్ కోర్టుకు వెళ్లండి" అని రాస్తే అది తప్పించుకోవడం కాదు, ఆయన అధికారం అంతవరకే. కాకపోతే ఆ మాట నోటితో చెప్పి పంపేయకూడదు. రాసి ఇవ్వమని అడగండి, ఎందుకంటే అప్పీలుకు ఆ కాగితమే ఆధారం.

పేరు మార్చినా, మార్చనన్నా, నష్టపోయినవారు ఉత్తర్వు అందిన తేదీ నుంచి 60 రోజుల్లో ఆర్డీవోకి అప్పీలు చేసుకోవచ్చు. ఉత్తర్వు అందిన కవరు కూడా పారేయకండి, తేదీ దాని మీదే ఉంటుంది. ఆర్డీవో నిర్ణయం మీద కలెక్టరేట్‌లో రివిజన్ ఉంది, సాధారణంగా జాయింట్ కలెక్టర్ గారు వింటారు. వీటిలో ఏ దశలో ఉన్నా, 1బీలో ఎంట్రీ వల్ల మీ హక్కుకు నష్టం జరిగిందనుకుంటే సివిల్ కోర్టులో హక్కు ప్రకటన దావా వేయవచ్చు. గెలిస్తే ఆ డిక్రీ ప్రకారం రెవెన్యూ వాళ్లు రికార్డు మార్చి తీరాలి.

గుర్తుంచుకోవాల్సిన గడువు: మోసం గురించి తెలిసిన రోజు నుంచి దస్తావేజు రద్దు దావాకు 3 ఏళ్లు. సోమవారం అర్జీలు పెడుతూ, ఆఫీసుల చుట్టూ తిరుగుతూ ఆ 3 ఏళ్లు దాటబెట్టుకున్నవారిని చూశాను. మేం అర్జీ తీసుకున్నంత మాత్రాన కోర్టు గడువు ఆగదు. ఈ మాట చెప్పాల్సిన బాధ్యత మాదే.

కోర్టులో దావా వేసినంత మాత్రాన మ్యుటేషన్ కూడా దానంతట అది ఆగిపోదు. ఆపాలంటే కోర్టు నుంచి తాత్కాలిక ఉత్తర్వు తెచ్చి, సర్టిఫైడ్ కాపీ తహసీల్దారు ఆఫీసులో ఇవ్వాలి. అయితే దావా నడుస్తుండగా ఆ భూమిని ఇంకొకరు కొంటే, ఆ కేసులో వచ్చే తీర్పుకు వాళ్లూ కట్టుబడాల్సిందే. తక్కువకు వస్తోందని కేసులో ఉన్న భూమి కొనకండి.

కొందరు వచ్చి "ఆ భూమిని 22ఏ జాబితాలో పెట్టించండి" అని అడుగుతుంటారు. ఆ నిషేధిత జాబితా ప్రభుత్వ, దేవాదాయ, వక్ఫ్ వంటి భూముల కోసం. ఇద్దరు ప్రైవేటు వ్యక్తుల గొడవకు అది దారి కాదు.

ఈలోగా పథకాల డబ్బు సంగతేమిటి?

అన్నదాత సుఖీభవ జాబితా వెబ్‌ల్యాండ్ వివరాల ఆధారంగా తయారవుతుంది. పేరు మారేదాకా పాత పేరే కనిపిస్తుంది. దీని మీద రెండు మాటలు. అమ్మిన తర్వాత కూడా మీ ఖాతాలో డబ్బు పడుతోందంటే, భూమి ఇంకా మీదేనని కాదు. కోర్టులో అది హక్కుకు రుజువు కాదు. అలాగే మీకు డబ్బు రాలేదంటే కొన్న హక్కు పోయిందనీ కాదు.

20,000లో పీఎం కిసాన్ వాటా 6,000, రాష్ట్ర వాటా 14,000. పీఎం కిసాన్ మార్గదర్శకాల్లో భూమి యాజమాన్యానికి 2019 ఫిబ్రవరి 1 కటాఫ్ తేదీ ఉంది. ఆ తర్వాత వారసత్వంగా వస్తే వేరు కానీ, కొనుగోలుతో వచ్చిన భూమికి ఆ కటాఫ్ అడ్డొస్తుంది. మ్యుటేషన్ అయినా పీఎం కిసాన్ పడలేదంటే కారణం ఇది కావచ్చు. రైతు సేవా కేంద్రంలో మీ స్టేటస్ చూపించమని అడగండి.

గొడవలో ఉన్నా పొలంలో నిజంగా పంట వేసినవారు ఈ-పంట నమోదు మానకండి. పంట నష్టపరిహారానికి అదే ఆధారం. పేరు ఎవరిదైనా, సాగు ఎవరిదో అక్కడ చెప్పి రాయించండి, వేలిముద్ర వేసే ముందు రాసింది చదివించుకోండి.

ఖర్చు భయం ఉన్నవారికి

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. ఇతరులకు ఆదాయ పరిమితి ఉంటుంది. జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి, లేదా 15100కు ఫోన్ చేయండి. అన్నదమ్ముల మధ్య రాజీకి వీలుంటే లోక్ అదాలత్ మంచి దారి. అక్కడ వచ్చే అవార్డు కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు, కోర్టు ఫీజు కూడా వెనక్కి వస్తుంది. ఆ అవార్డు కాపీతో మళ్లీ తహసీల్దారు దగ్గర మ్యుటేషన్‌కు పెట్టుకోవచ్చు. పెద్దమనుషుల ఎదుట రాసుకున్న కాగితంతో మాత్రం ఆ పని జరగదు.

మ్యుటేషన్ దరఖాస్తు నెలల తరబడి కదలకపోతే 1100కు ఫోన్ చేయండి, లేదా సోమవారం మండలంలో గానీ కలెక్టరేట్‌లో గానీ అర్జీ ఇవ్వండి. వచ్చేటప్పుడు దరఖాస్తు రసీదు నంబరు, దస్తావేజు నకలు, తాజా 1బి, ఈసీ ఒక కవర్లో పెట్టుకుని రండి. ఒరిజినల్ దస్తావేజు ఎవరి చేతికీ ఇచ్చి వెళ్లకండి, మా ఆఫీసులో కూడా.